చార్మినార్ నీడలో – 23: ప్రాస పడితేనే పరువు

పోయిన భాగంలో మహారాజా చందూలాల్ పద్దులు తిరగేశాం. పామర్ కంపెనీ అప్పులు, వాటి మీద వడ్డీలు, ఆ వడ్డీల కోసం జిల్లాల్లో రైతులను పిండిన తీరు, అన్నీ చూశాం. నిజాం రాజ్యాన్ని దివాలా అంచుకు తెచ్చిన ఆ పేష్కారుకు ఇంకో ముఖం ఉంది. ‘షాదాన్’ అనే తఖల్లుస్‌తో, అంటే కలంపేరుతో, ఆయన గజళ్లు చెప్పేవాడు. కవి అన్నవాడు కనిపిస్తే వదిలేవాడు కాదు. ఉత్తరాదిలో మొగలు వైభవం వాడిపోతున్న రోజులవి. కవిని పోషించగల కొలువు ఇంకా దక్కన్‌లో మిగిలి ఉందన్న కబురు ఢిల్లీ దాకా పాకింది. ఇక్కణ్నుంచి పిలుపు వెళితే ఢిల్లీ కవి జౌక్ రాలేదు, ఢిల్లీ గల్లీలను విడిచి రావడం తన వల్ల కాదన్నాడు. ఆయనకు మొదట్లో గురువుగా ఉండి తర్వాత పొసగక దూరమైన షా నసీర్ మాత్రం వచ్చాడు. ఒకసారి కాదు, పలుమార్లు వచ్చాడు. చివరికి 1838లో హైదరాబాదులోనే కన్నుమూశాడు.

షా నసీర్‌కు పేరు తెచ్చింది లోతైన భావం కాదు. ఎవరూ ముట్టుకోవడానికి సాహసించని ప్రాసను తీసుకుని దాన్ని లొంగదీసుకోవడం ఆయన విద్య. అలాంటి కట్టడిని ఉర్దూ కవులు ‘సంగ్లాఖ్ జమీన్’ అంటారు, రాళ్లు తేలిన నేల అన్నమాట. నాగలి దిగని ఆ నేలలో తాను పంట తీసి చూపించి, ఇక మీరూ తీయండి చూద్దామని సభకు సవాలు విసిరే రకం ఆయన. ఇప్పటి కుర్రకారు భాషలో చెప్పాలంటే ‘బ్యాటిల్’ కవి. పాతబస్తీ గల్లీల్లో ఫోన్లో బీటు పెట్టుకుని ఒకరి మీద ఒకరు ప్రాసలు విసురుకునే పిల్లలకు ఆయన పేరు తెలిసి ఉండదు. అయినా ఈ భాగం వాళ్ల గురించీ, ఆయన గురించీ కలిపే రాస్తున్నాను.

ముందు ఆట నియమాలు తెలియాలి. గజల్‌లో ప్రతి షేర్‌కు రెండు పాదాలు. రెండో పాదం చివర ఒకే మాట మళ్లీ మళ్లీ వస్తుంది, అది రదీఫ్. దానికి సరిగ్గా ముందు ప్రాస మాట వస్తుంది, అది కాఫియా. మొదటి షేర్‌లో మాత్రం రెండు పాదాల్లోనూ ఈ జోడీ ఉండి తీరాలి. అప్పుడే ఇవాళ్టి కట్టడి ఏమిటో సభకు తెలుస్తుంది. మన పద్యంలో ప్రాస పాదం మొదట్లోనే, రెండో అక్షరంగా కూచుంటుంది, కాబట్టి వినేవాడికి ఆ ముచ్చట ముందే తీరిపోతుంది. గజల్‌లో అది చివరన ఉంటుంది, కాబట్టి వినేవాడు కాచుకుని ఉంటాడు. సరదాకు మన గల్లీ తెలుగులో నేనే ఒకటి కట్టి చూపిస్తాను.

చాయ్ తాగి పోవాలె అన్నడు,
పైసలు నువ్వే ఇయ్యాలె అన్నడు.

‘అన్నడు’ రదీఫ్. ‘పోవాలె, ఇయ్యాలె’ కాఫియాలు. ఇప్పుడు రెండో షేర్ మొదటి పాదం.

పాత బాకీ ఎప్పుడిస్తవ్ అంటే...

కవి ఇక్కడ ఆగుతాడు. అదే పాదాన్ని మళ్లీ చదువుతాడు. అవసరమైతే మూడోసారి కూడా చదువుతాడు. ఈలోగా సభలో ఎవరికి వాళ్లు ఆ ప్రాసకు సరిపడే మాట కోసం లోలోపల వెతుక్కుంటూ ఉంటారు. అప్పుడు వదులుతాడు.

ముందింకో చాయ్ చెప్పాలె అన్నడు.

‘చెప్పాలె’ అనేసరికే ‘అన్నడు’ను సభ అందుకుంటుంది. తాము అనుకున్న మాటే వస్తే మర్యాదకు ఒక ‘వాహ్’ పడేస్తారు. అనుకోని మాట వచ్చి, అదీ కట్టడిలోనే పడితే, ‘ముకర్రర్’ అని అరిచి మళ్లీ చదివిస్తారు. మాట తప్పితే మొహమాటం ఉండదు. హూటింగ్ అనేది ఇక్కడ కొత్తగా పుట్టింది కాదు, అదీ ముషాయిరాతో, అంటే ఈ కవుల సభతో, పెరిగిందే. కవి ఎంత గట్టివాడో వినేవాళ్లూ అంత గట్టివాళ్లు కావలసిన కళ ఇది. రెండువందల ఏళ్లుగా పాతనగరం కవుల కంటే ఎక్కువగా తయారుచేసింది ఇలాంటి శ్రోతలనేనని నా అభిప్రాయం.

ఇక్కడ ఒక అనుమానం రావాలి. ఇదంతా అప్పటికప్పుడు చెప్పిందేనా? అన్నీ కాదు. ‘తర్హీ’ ముషాయిరా అని ఒక పద్ధతి ఉంది. నిర్వాహకులు ఒక పాదాన్ని ముందే ప్రకటిస్తారు. దాన్ని బట్టి ఛందస్సు, రదీఫ్, కాఫియా ఖాయమవుతాయి. కవులు ఇంటి దగ్గర కాఫియాల జాబితా రాసుకుని, ఒక్కో మాట నుంచి వెనక్కి నడిచి షేర్ కట్టుకుని వస్తారు. సభలో ఎవడో ఎత్తిపొడిస్తే, లేదా ముందు కవి చదివిన షేర్‌కు జవాబు చెప్పాలనిపిస్తే, అప్పుడు ‘ఫిల్‌బదీ’ దిగుతుంది. అది అసలైన ఆశువు. రాసుకొచ్చినదీ అక్కడే పుట్టినదీ ఒకే సభలో పక్కపక్కన నడుస్తాయి. ఏది ఏదో కనిపెట్టడం కూడా శ్రోతలకు ఒక వినోదం.

హిప్‌హాప్ పుట్టింటి కథా ఇలాగే ఉంది. 1973 ఆగస్టు 11న న్యూయార్క్ బ్రాంక్స్‌లో, సెడ్జ్‌విక్ అవెన్యూ 1520 నంబరు భవనంలో, జమైకా నుంచి వచ్చిన కుర్రాడు కూల్ హెర్క్ తన చెల్లెలు ఏర్పాటు చేసిన పార్టీకి రికార్డులు తిప్పాడు. పాటలో డ్రమ్ము ఒక్కటే మోగే ముక్కను పట్టుకుని సాగదీశాడు. ఆ ముక్క మీద మైకు పట్టి జనాన్ని ఉషారెక్కించే కేకలే పెరిగి పెరిగి ర్యాప్ అయ్యాయి. 1981 డిసెంబరులో హార్లెం వరల్డ్ క్లబ్బులో బిజీ బీ అనే వినోదకారుడు, నన్ను కొట్టేవాడు లేడని గొప్పలు పోయాడు. కూల్ మో డీ మైకు అందుకుని అతని మాట తీరునూ, కేకలనూ, పేరునూ వరసబెట్టి ప్రాసల్లో చీల్చిపెట్టాడు. ర్యాప్ చరిత్రలో ఆ రాత్రిని ఒక మలుపుగా చెప్పుకుంటారు. ఆ తరంవాళ్లు ‘ఫ్రీస్టైల్’ అంటే అప్పటికప్పుడు చెప్పింది అని అనుకోలేదు. ఫలానా విషయమని కట్టుబడకుండా రాసుకున్న చరణాలను అలా పిలిచేవాళ్లు. ముందు అనుకోకుండా నోటికొచ్చింది చెప్పడం అన్న అర్థం తర్వాతి తరంలో, ముఖ్యంగా 1990లలో స్థిరపడింది. కాబట్టి, రాసుకొచ్చి చదువుతున్నారు, ఇదేం ఆశువు అని మన కుర్రాళ్లను ఈసడించేవాళ్లు కాస్త నెమ్మదించవచ్చు.

ఈ విషయంలో అందరికంటే కఠినమైన పరీక్ష పెట్టింది మాత్రం తెలుగువాళ్లే. అవధానంలో సమస్య అక్కడే ఇస్తారు, దత్తపది అక్కడే ఇస్తారు, నిషిద్ధాక్షరి అయితే అక్షరం అక్షరానికీ అడ్డం పడతారు. ఇది చాలదన్నట్టు అవధాని ఏకాగ్రత చెడగొట్టడానికే అప్రస్తుత ప్రసంగి అని ఒక మనిషిని పక్కన కూచోబెడతారు. హూటింగ్‌కు పీట వేసిన సంప్రదాయం ప్రపంచంలో ఇంకెక్కడైనా ఉందేమో నాకు తెలియదు. నిజాం ఏలుబడి కింద ఉన్న గద్వాల, వనపర్తి, ఆత్మకూరు సంస్థానాలు ఇలాంటి ఆశుకవులకు పుట్టిల్లులా ఉండేవి. తిరుపతి వేంకట కవులు ఆ సంస్థానాలకు వెళ్లి సభలు గెలిచి సన్మానాలు అందుకున్నారు. అవే రోజుల్లో రాజధానిలో ముషాయిరాలు రాత్రుళ్లు తెల్లవార్లూ జరిగేవి. ఒకే రాజ్యంలో రెండు భాషల్లో రెండు ఆశుకవితా లోకాలు. వాటి మధ్య రాకపోకలు మాత్రం చాలా తక్కువ. మొదటి కుతుబ్‌షాహీల కాలంలో అలా ఉండేది కాదు. ఇబ్రహీం కుతుబ్‌షాను మన కవులు మల్కిభరాముడన్నారు, అద్దంకి గంగాధరుడు ఆయనకు కావ్యం అంకితమిచ్చాడు. ఆ సంగతులు మూడో భాగంలో చూశాం.

చందూలాల్ తర్వాతి ముషాయిరాల చరిత్రను వేగంగా దాటేస్తాను, ఎందుకంటే అది పెద్ద పేర్ల జాబితా. ఢిల్లీ నుంచి దాగ్ 1888లో వచ్చాడు. కొన్నాళ్లు ఎదురుచూపులు చూసి ఆరో నిజాం మహబూబ్ అలీఖాన్‌కు ఉస్తాద్ అయ్యాడు. 1905లో ఇక్కడే పోయాడు, నాంపల్లి యూసుఫైన్ దర్గాలో సమాధి ఉంది. అమీర్ మీనాయీ 1900లో వచ్చి అదే ఏడాది కన్నుమూశాడు. చందూలాల్ వంశీకుడు మహారాజా కిషన్ పర్షాద్ ‘షాద్’ పేరుతో కవిత్వం రాశాడు. రెండుసార్లు ప్రధానమంత్రి అయ్యాడు. శాలిబండలోని ఆయన దేవిడీ (భవంతి) ముషాయిరాలకు పెట్టింది పేరు. ఫానీ బదాయూనీ ఆయన అండ చూసుకునే ఇక్కడికి చేరాడు. జోష్ మలీహాబాదీ 1924లో వచ్చి ఉస్మానియా అనువాద శాఖలో కొలువు చేశాడు. పదేళ్లకు, నిజాం మీద గురిపెట్టి కవిత చెప్పాడన్న కోపంతో ఆయన్ని రాజ్యం నుంచి పంపించేశారు. ఎవరి మీదైనా ప్రాస విసరవచ్చు, సింహాసనం మీద తప్ప.

ఈ దేవిడీ ముషాయిరాల్లో ఆడవాళ్లు ఎక్కడ? మహ్‌లఖా బాయి చందా ఒక్కతే అందరికీ గుర్తు. 125 గజళ్ల దీవాన్ కూర్చిన కవయిత్రి ఆమె. 1799లో ఆమె కానుకగా ఇచ్చిన ప్రతి ఈస్టిండియా కంపెనీ అధికారి జాన్ మాల్కమ్ చేతికి చేరి సముద్రాలు దాటింది. ఆమె సమాధి మౌలాలి గుట్ట కింద ఉంది. అయితే ఆమె మినహాయింపు. మామూలు ఇళ్ల ఆడవాళ్ల ఆశుకవిత్వం ముషాయిరాలో లేదు, పెళ్లింట్లో ఉంది. నన్నడిగితే హిప్‌హాప్‌కు పాతనగరంలో అసలైన చుట్టం అదే.

మాంఝా రోజు పెళ్లికూతురికి పసుపు బట్టలు కట్టించి కూచోబెడతారు. అక్కణ్నుంచి సాంచక్, మెహందీ దాకా రాత్రుళ్లు ఆడవాళ్ల గదిలో ఢోలక్ మోగుతూనే ఉంటుంది. ఒకామె ఢోలక్ వాయిస్తుంది. పక్కన కూచున్నామె చెంచా పట్టుకుని ఢోలక్ చెక్క మీద టకటకమని తాళం వేస్తుంది. మిగతావాళ్లకు చప్పట్లు. కొన్ని ఇళ్లకు ఈ పని మీదే బతికే మీరాసన్లు వస్తారు, కొన్నిచోట్ల అత్తలూ పిన్నులే పాడుకుంటారు. పల్లవి అందరికీ తెలిసిందే. చరణం మాత్రం ఆ ఇంటిది. మగపెళ్లివారి తరఫున ఎవరు గుమ్మంలో అడుగుపెడితే వాళ్ల పేరు చరణంలోకి దూరుతుంది. పెళ్లికొడుకు బట్టతల, మరిది పొట్ట, ఆడబిడ్డ నగలు, తెచ్చిన మిఠాయిల లెక్క, ఏదీ మిగలదు. అందరికంటే ఎక్కువ తిట్లు పడేది సమ్ధన్‌కు, అంటే పెళ్లికొడుకు తల్లికి. ఆమె నవ్వుతూ కూచోవాలి, లేదా తన వైపు నుంచి గొంతున్న మనిషిని ముందుకు తోయాలి. జవాబు పాట అదే వరసలో, అదే తాళంలో, అప్పటికప్పుడు రావాలి. మన తెలుగు పెళ్లిళ్లలో వియ్యపురాలిని ఏడిపించే పాటలు ఎరిగినవాళ్లకు ఈ సందడి విడమరచి చెప్పనక్కర్లేదు.

ఇప్పుడు అమెరికా వైపు చూడండి. ర్యాప్ బ్యాటిల్‌కు తాతముత్తాతల్లో ఒకటిగా పరిశోధకులు చెప్పేది నల్లజాతి పిల్లల వీధి ఆట ‘డజన్స్’. ఇద్దరు ఎదురెదురుగా నిలబడి ఒకరి తల్లిని ఒకరు ప్రాసలో వెక్కిరించుకోవాలి. కోపం తెచ్చుకున్నవాడు ఓడినట్టు. చుట్టూ మూగినవాళ్లే న్యాయనిర్ణేతలు. అక్కడా ఇక్కడా గురి తల్లి మీదే. అక్కడా ఇక్కడా ముఖం చిన్నబుచ్చుకుంటే పరువు పోతుంది. ఒకరిని చూసి ఒకరు నేర్చుకున్నది కాదు. అవమానాన్ని ఆటగా మార్చి కొట్లాటను తప్పించడం రెండు చోట్లా జనం కనిపెట్టుకున్న ఉపాయం. కాకపోతే ఢోలక్ పాటను చరిత్రకారులు పెళ్లి సందడి కింద తీసేశారు. ముషాయిరాను సాహిత్యం అన్నారు. ఈ పంక్తిభేదం నాకు నచ్చదు.

ఢోలక్ పాట ఏ భాషలో ఉందో ముషాయిరా ఆ భాషలో లేదు. అసలు తేడా అది. ఊరు కట్టించిన మహమ్మద్ కులీ కుతుబ్‌షా రాసింది దక్కనీలో. ఆయన కవితలను 1616లో సంపుటంగా కూర్చారు. తర్వాత కవి వలీతో మొదలై ఢిల్లీ నుడికారానికి గౌరవం పెరిగింది, దక్కనీ ఇంట్లోకీ గల్లీలోకీ జరిగింది. ప్రాస కట్టేవాడికి మాత్రం దక్కనీ అక్షయపాత్ర. ప్రామాణిక ఉర్దూలో బహువచనాలు రకరకాలుగా ఉంటాయి, కొన్ని మాటలు మారనే మారవు. దక్కనీలో అన్నిటికీ ఒకటే తోక. బాతాఁ, రాతాఁ, ఘరాఁ, మర్దాఁ, దుకానాఁ. బజారులో నడుస్తూ కనిపించినవన్నీ లెక్కపెట్టినా ప్రాస పడిపోతుంది.

ఆ దక్కనీ మళ్లీ వేదిక ఎక్కింది నవ్వుల దారిన. 1962లో జిందాదిలానే హైదరాబాద్ అనే హాస్య రచయితల సంస్థ పుట్టింది. 1968లో ‘షుగూఫా’ పత్రిక వచ్చింది. గుల్బర్గా నుంచి సులేమాన్ ఖతీబ్ వచ్చి నవ్విస్తూనే కంట తడి పెట్టించేవాడు. హైదరాబాదు నుంచి సర్వర్ డండా, గౌస్ ఖామఖా. జిల్లాల నుంచి పాగల్ ఆదిలాబాదీ, గిల్లీ నల్గొండవీ. ఆ తఖల్లుస్‌లు చూడండి. బ్రాంక్స్ కుర్రాళ్లు తమకు తాము గ్రాండ్‌మాస్టర్ బిరుదులు తగిలించుకుంటే మనవాళ్లు పిచ్చోడు, కర్రబిళ్ల అని పెట్టుకున్నారు. ముందే తనను తాను వెక్కిరించుకున్నవాడిని ఎదుటివాడు ఇంకేం వెక్కిరిస్తాడు? ఈ మజాహియా (హాస్య) ముషాయిరాల్లో జనం విసిరే మాటలకు కవి జవాబిచ్చే తీరు చూడటానికే వచ్చేవాళ్లు ఉండేవాళ్లు. అయితే దక్కనీకి నవ్వించే పని ఒక్కటే అప్పగించారు. ప్రేమ, ఆగ్రహం, తత్వం అన్నీ ఢిల్లీ ఉర్దూకే వదిలేశారు. నవాబుల కొలువులో విదూషకుడికి ఇచ్చిన చనువు లాంటిదది.

ర్యాప్ వచ్చాక ఆ గీత కొంత చెరిగింది. 2019 ఫిబ్రవరిలో ‘గల్లీ బాయ్’ సినిమా ముంబయి కుర్రాళ్ల కథ చెబితే, అదే రోజుల్లో హైదరాబాదీ ర్యాపర్ రుహాన్ అర్షద్ పాట ‘మియా భాయ్’ యూట్యూబ్‌లో కోట్ల వీక్షణలు దాటి దేశమంతా మోగింది. అందులో హైదరాబాదీ మాట నవ్వించడానికి రాలేదు, ఠీవి చూపించడానికి వచ్చింది. ఆ పాట మంచిదా చెడ్డదా అన్నది పక్కన పెట్టండి. దక్కనీ గొంతు ఇలా ఛాతీ విరిచి అంతమందికి వినిపించడం నాకు తెలిసి అదే మొదటిసారి. 2021లో ఆయన మతపరమైన కారణాలు చెప్పి సంగీతాన్ని వదిలేశాడు. ఈ తర్జనభర్జన పాతనగరానికి కొత్త కాదు. ఖవ్వాలీ మీద కూడా అదే చర్చ వందల ఏళ్లుగా నడుస్తోంది. ఖవ్వాలీ పాడేవాళ్లు నడుమ ‘గిరహ్’ కట్టి సందర్భానికి తగిన షేర్లను అల్లుకుంటూ పోతూనే ఉన్నారు.

రికార్డు చేసిన ర్యాప్ రాసుకుని పాడేదే. ఆశువు చూడాలంటే నలుగురు గుండ్రంగా నిలబడే ‘సైఫర్’ దగ్గరికి వెళ్లాలి. అక్కడ కవికి ముషాయిరాలో ఉన్న వెసులుబాటు ఉండదు. మొదటి పాదాన్ని మూడుసార్లు చదువుతూ ఆలోచించుకుందామంటే బీటు ఆగదు. నిమిషానికి 90 దెబ్బలు పడే బీటు మీద నాలుగు దెబ్బల బారు మూడు సెకన్లలోపే దాటిపోతుంది. అందుకే వాళ్లూ షాయర్ల లాగే ప్రాస మాటను ముందు పట్టుకుని, నోరు ఈ పాదం చెబుతుండగా బుర్రలో తర్వాతి పాదం తోకను వెతుకుతారు. 2012లో అమెరికా శాస్త్రవేత్తలు 12 మంది ర్యాపర్లను స్కానరులో పడుకోబెట్టి ఈ పని చేయించి చూశారు. బట్టీ పట్టింది పాడినప్పటి కంటే ఆశువుగా చెబుతున్నప్పుడు, మనల్ని మనం అదుపులో పెట్టుకునే మెదడు భాగం జోరు తగ్గి, లోపలి ఊపును నడిపే భాగం చురుకెక్కిందట. మన అవధానులను ఎవరైనా అలా పడుకోబెట్టి చూస్తే బాగుండు, అప్రస్తుత ప్రసంగితో సహా.

సైఫర్‌కు కావలసింది చోటు. పాతనగరంలో ఆ చోటు చబూత్రా, ఇంటి ముందరి అరుగు. ఈ అరుగుల మీదే రాత్రి రెండింటి దాకా కబుర్లు, పందేలు, ఎకసెక్కాలు, షేర్లు నడిచేవి. 2015 ప్రాంతంలో పోలీసులు ‘మిషన్ చబూత్రా’ పేరుతో అర్ధరాత్రి అరుగుల మీద కూచున్న కుర్రాళ్లను పట్టుకుపోయి, తల్లిదండ్రులను పిలిపించి కౌన్సెలింగ్ ఇచ్చారు. నేరాలు తగ్గాయని వాళ్లన్నారు, చాలామంది తల్లులూ సంతోషించారు. వాళ్ల భయం నిజమే. కానీ దేవిడీ ముషాయిరా తెల్లవార్లూ జరిగితే సంస్కృతి అనీ, గల్లీ అరుగు మీద జరిగితే కేసు అనీ అనుకునే ఊరికి ఆశుకవులు ఎక్కణ్నుంచి వస్తారు? కుర్రాళ్లు ఫోన్లలోకి వెళ్లిపోయారు. అక్కడ వీక్షణలు కోట్లలో ఉంటాయి. తప్పిన ప్రాస దగ్గర ఆపి, ‘ఫిర్ సే పఢో మియా’ అనే ముసలాయన మాత్రం ఉండడు. ఆయన లేని లోటు ఇప్పటి హైదరాబాదీ ర్యాప్‌లో స్పష్టంగా తెలుస్తోంది. ఊపు ఉంది, కాఫియా పట్టు ఇంకా రాలేదు.

వచ్చే భాగంలో బార్కస్ వెళదాం. ఆఫ్రికా నుంచీ అరేబియా నుంచీ వచ్చిన సైనికులు తమతో తెచ్చిన మర్ఫా వాద్యం హైదరాబాదు పెళ్లి బరాత్‌లోకి ఎలా చేరిందో చూద్దాం. ఈలోగా పాఠకులను ఒకటి కోరుతున్నాను. మీ ఇంట్లోగానీ మీ గల్లీలోగానీ ఢోలక్ పాటలు తెలిసిన పెద్దావిడ ఉంటే, ఆమె ఒప్పుకుంటే, కూచోబెట్టి పాడించి రికార్డు చేయండి. పల్లవులు పుస్తకాల్లో దొరుకుతాయి. మీ వియ్యపురాలి మీద ఆ రాత్రి కట్టిన చరణం మాత్రం ఆమె దగ్గరే ఉంది.